జమ్మువంక మూడు మలుపులు

నంద్యాల,
12 జూలై 2024

హిమజా,

నువ్వు ఫోను పెట్టేసి పది రోజులైంది. నువ్వే చేస్తావని నేను, నేనే చేస్తానని నువ్వు బిగుసుకుని కూర్చుంటే మనిద్దరికీ తల నెరవడం తప్ప ఒరిగేదేమీ లేదు. ఫోన్లో మనం మాట మాటకూ అడ్డం పడతాం. ఉత్తరంలోనైతే ఒకరు చెప్పేది అయ్యేదాకా రెండోవాళ్ళు నోరు మూసుకోక తప్పదు. డిగ్రీ పిల్లలకు ఏటా లేఖారచన పాఠం చెబుతాను కానీ నేను ఉత్తరం రాసి ఎన్నాళ్ళయిందో నాకే గుర్తు లేదు. నంద్యాల నుంచి ఆళ్లగడ్డకు ఉత్తరమేమిటని నవ్వుకుంటే నవ్వుకో. జవాబు మాత్రం రాయి.

ఆ రోజు నువ్వన్నది మరిచిపోలేదు. "ఏడేండ్లాయ. చెట్టూ పిట్టా అంటానే ఉండావ్. ఇంగ ఎన్నాళ్ళమ్మే?" అన్నావు. నిజం కాబట్టే అంత కోపమొచ్చింది. రెండుసార్లు గడువు పొడిగించారు, ఇక పొడిగించరు. డిసెంబరు ముప్పై ఒకటి లోపల థీసిస్ ఇవ్వకపోతే నా రిజిస్ట్రేషన్ రద్దు. పీహెచ్‌డీ లేనివాళ్ళను వచ్చే జూన్ నుంచి ఉంచుకోబోమని కాలేజీ వాళ్ళు కూడా చెప్పేశారు. అదీ నా పరిస్థితి.

మొన్న మీ స్కూల్లో టీచర్లు పర్యావరణ విమర్శ అంటే ఏమిటని అడిగితే చెప్పలేకపోయానన్నావు కదా. చాలా సులువు. కథలో వాన కురిస్తే, అది నాయిక ఏడుపుకు తోడుగా కురిసిందా, చేలో కురిసిందా అని అడగడం. చెట్టు మనిషి మనసుకు బొమ్మగా నిలబడిందా, తన వేళ్ళ మీద తాను నిలబడిందా అని చూడడం. దాన్ని ఎవరు నాటారు, ఎవరు కొట్టేశారు, నీడ ఎవరికి దక్కింది, ఎవరికి దక్కలేదు అని ఆరా తీయడం. ఇంత చిన్న సంగతికి మావాళ్ళు ఇరవై పారిభాషిక పదాలు తగిలించి నోరు తిరగకుండా చేశారు.

నా థీసిస్‌లో కాస్త చెప్పుకోదగ్గది మీ తాత, అదే మీ జేజినాయన శాంతయ్య గారి మీద రాసిన అధ్యాయమే. ఆయన పుస్తకంలోని ఎనభై ఏడు పద్యాల్లో ముప్పై ఒక్క రకాల చెట్లూ గడ్డీ, పద్నాలుగు పిట్టలూ ఉన్నాయి. మా గైడు సారుకు మాత్రం చెట్టు ఉత్త చెట్టుగా ఉంటే నచ్చదు. నలభై రెండో పద్యం చూడు:

మూడు మలుపులు తిరిగి మా చేను చుట్టి
మొదటి మలుపున జమ్ము, నడుమ ఇసుక దిన్నె,
కడపటి మలుపున కాడెద్దుల రేవు,
తొందర లేదమ్మ జమ్మువంకకు.

ఆ వాగు మూడు మలుపులంటే బాల్యం, యవ్వనం, వార్ధక్యం అన్నారు సారు. దాని మీద పదకొండు పేజీలు రాశాను. సెమినారులో చదివితే చప్పట్లు కొట్టారు. ఎందుకు దాచాలి, చాలా సంతోషపడ్డాను.

ఇప్పుడు నీతో పని పడింది. అనుబంధంలో కవి స్వదస్తూరీ పేజీ ఒకటి ఫోటో పెట్టాలట. జేజినాయన నోటుబుక్కు రెండు రోజులు ఇచ్చావంటే ఫోటో తీసుకుని తిరిగి పంపేస్తాను.

నీ
ముబశ్శిరా


ఆళ్లగడ్డ,
22 జూలై 2024

ముబ్బూ,

నీ ఉత్తరం నాలుగు రోజులకు చేరింది. ఈలోపు నడిచి వచ్చినా వచ్చేసేదానివి. అయినా బాగుంది. స్టాఫు రూములో అందరూ కోర్టు నోటీసు అనుకుని నా మొహమే చూశారు.

ఆ మాట అనకుండా ఉండాల్సింది. ఎం.ఏ. తర్వాత చదువు ఆపేసినదాన్ని, చదువుకునేవాళ్ళను చూస్తే నాకు కడుపు మండుతుంది. అది నీకూ తెలుసు.

ఆదివారం ఊరికి పోయినప్పుడు నీ మూడు మలుపుల సంగతి మా జేజికి చదివి వినిపించాను. రంగమ్మ గారికి ఎనభై ఆరేళ్ళు, చెవులు ఇంకా పాము చెవులే. బాల్యం, యవ్వనం, వార్ధక్యం అని విని పొట్ట పట్టుకుని నవ్వింది. "బాల్యమేందీ, ముసిలితనమేందీ? మొదటి మలుపు కానుగ చెట్ల కాడ. రెండోది మన కళ్ళం ఎనక. మూడోది ఎద్దులు కడిగే కాడ. మీ జేజినాయన ఉండేది ఉండేట్ల రాసినాడు. ఆ పాపకు దావ తెలీకుంటే అడగమను" అంది. నీ సెమినారు చప్పట్లు ఒక పక్క, మా జేజి నవ్వు ఒక పక్క.

నోటుబుక్కు జేజి ట్రంకుపెట్టెలో ఉంది. తాళం చెవి ఎక్కడో పెట్టి మరిచిపోయింది. దొరికితే పంపిస్తాను. తొందరపెట్టకు.

మీ అబ్బా ఇమాం సాహెబ్ మామకు నా సలాములు చెప్పు. మోకాళ్ళ నొప్పులు ఎట్లా ఉన్నాయి?

నీ
హిమజ


నంద్యాల,
4 ఆగస్టు 2024

హిమజా,

మీ జేజి నా పదకొండు పేజీలనూ నీళ్ళలో కలిపేసింది. మొదట తల తిరిగింది. రెండో రోజు సిగ్గేసింది. మూడో రోజు నుంచి మాత్రం కాళ్ళు నేల మీద నిలవడం లేదు. చూడు, ఏడేళ్ళ నుంచి నేను చదివే పుస్తకాలన్నీ చెప్పేది ఇదే. వాగును వాగుగా చదవమని. ఊళ్ళో ముసలామెకు తెలిసిన సంగతి నాకు తెలియలేదు. నలభై రెండో పద్యం ఒక దారి. దాన్ని చేతిలో పట్టుకుని ఆ వంక వెంబడి నడవచ్చు.

ఇదే మా గైడు సారుకు చెప్పాను. ఆయన కళ్ళజోడు తీసి తుడుచుకుని, "సింబల్ లేకపోతే అది కవిత్వం ఎట్లా అవుతుందమ్మా? రెవెన్యూ మ్యాపు అవుతుంది" అన్నారు. అధ్యాయం అట్లాగే ఉంచమన్నారు. నేను మార్చి చూపిస్తానన్నాను. "నీ గడువు, నీ ఇష్టం" అని లేచి వెళ్ళిపోయారు.

ఆయనకు నచ్చేలా రాయాలంటే నా దగ్గర గట్టి ఆధారం ఉండాలి. నువ్వు రమ్మన్న ఆదివారం ఊరికి వస్తాను. కానుగ చెట్ల దగ్గర మొదలుపెట్టి ఎద్దుల రేవు దాకా నడుద్దాం. మీ జేజిని ఆటోలో కూర్చోబెట్టుకుని పోదాం. ఏ మలుపులో ఏ గడ్డి ఉందో, ఏ పిట్ట వాలుతుందో రాసుకుని పద్యాలతో సరిచూస్తాను. నీకూ ఇట్లాంటివి ఇష్టమే కదా, హాస్టల్లో ఉన్నప్పుడు ప్రతి చెట్టుకూ పేరు చెప్పి మా ప్రాణం తీసేదానివి.

తాళం చెవి దొరికిందా?

నీ
ముబశ్శిరా


ఆళ్లగడ్డ,
30 ఆగస్టు 2024

ముబశ్శిరా,

ఆలస్యానికి ఏమీ అనుకోకు. స్కూల్లో పరీక్షలు, పేపర్లు దిద్దడం. జేజికి జ్వరం. నాయనకు బీపీ ఎక్కువైంది. ఆదివారాలు కూడా తీరిక ఉండడం లేదు.

ఊరికి ఇప్పుడు రావద్దు. రేగడి నేల, వానలు పడితే కాలు దిగబడి చెప్పు కూడా పైకి రాదు. అయినా నువ్వు వచ్చి చూడాల్సినంత ఏముంది? ఉన్నదంతా పద్యాల్లో ఉంది కదా.

ఇంకొక మాట. మూడు మలుపులకు మీ సారు చెప్పిన అర్థమే ఉంచెయ్. చదివేవాళ్ళకు అదే నచ్చుతుంది. జేజి పెద్దది, ఏదో అంది. దాన్ని పట్టుకుని నువ్వు గడువు దాటబెట్టుకోకు. నీ ఉద్యోగం ముఖ్యం.

తాళం చెవి దొరకలేదు.

హిమజ


నంద్యాల,
10 సెప్టెంబరు 2024

హిమజా,

నీ కిందటి ఉత్తరం మూడుసార్లు చదివాను. "ముబ్బూ" పోయి "ముబశ్శిరా" వచ్చింది. "నీ హిమజ" పోయి ఉత్త "హిమజ" వచ్చింది. పద్యాల్లో ఏది ఉంది, ఏది లేదు అని వెతకడమే నా పని. నా దగ్గరా నీ దాపరికం?

నీ ఉత్తరం చేతిలో పట్టుకుని దిగులుగా కూర్చుంటే మా అబ్బా ఏమైందని అడిగాడు. ఇంట్లో మేం మాట్లాడేది ఉర్దూ అయినా, నలభై ఏళ్ళుగా మోటార్లు బాగుచేసే షాపులో రైతులతో మాట్లాడి మాట్లాడి, మోటార్ల ముచ్చట వస్తే అబ్బాకు తెలుగే వస్తుంది. జమ్మువంక అనగానే మొదలుపెట్టాడు.

"శాంతయ్య వంకనా? అది ఇప్పుడు యాడుంది బేటా? పన్నెండేండ్లాయ. ఆయన కొడుకు శ్రీనివాసులు జేసీబీ పెట్టి మలుపులన్నీ పూడ్చి నిట్టనిలువునా కాలవ తీయిచ్చినాడు. నేల కలిసొస్తుంది అనుకున్న్యాడు. మూడేండ్లకు బోరు ఎండిపాయ. ఉత్త బోరులో మోటారు తిరిగి తిరిగి మూడుసార్లు కాలింది. మూడుసార్లూ నేనే వైండింగు చేసినా. నీళ్ళు నిలిచే తావు ల్యాకుంటే బోరులోకి యాడికెల్లి వస్తాయప్పా అని చెప్పినా. ఇన్న్యాడా?"

నాకు చెప్పకుండా నువ్వు ఆపిన చోటికి, మొన్న ఆదివారం నీకు చెప్పకుండా నేను పోయాను. అబ్బా స్కూటరు వెనక కూర్చుని. కానుగ చెట్లు లేవు. కళ్ళం వెనక పత్తి చేను. ఎద్దుల రేవు ఎక్కడో అక్కడివాళ్ళు కూడా చెప్పలేకపోయారు. రూళ్ళకర్ర పెట్టి గీసినట్టు ఒక కాలువ, రెండు గట్ల మీదా సీమ తుమ్మ. దిగువన అంకమ్మ అని ఒకామె చేలో ఇసుక ఎత్తి పోస్తోంది. "వాన పడితే నీళ్ళు ఉరుకుతాయమ్మా. మా చేను మీద పడి, ఇసుక ఏసి పోతాయి. ఏటేటా ఇదే పని" అంది. ఎవరి అమ్మాయివని ఆమె అడగలేదు. అడిగుంటే నీ స్నేహితురాలినని చెప్పడానికి నోరు వచ్చేది కాదు.

మీ నాన్న చేసినదానికి నిన్ను తప్పుపట్టను. కానీ ఏడేళ్ళుగా నేను లేని వంక మీద థీసిస్ రాస్తుంటే చూస్తూ ఊరుకున్నావే, అది నాకు మింగుడుపడడం లేదు.

ఇంకొకటి అడుగుతాను, నిజం చెప్పు. జేసీబీ వచ్చింది పన్నెండేళ్ళ కిందట. శాంతయ్య గారు పోయింది ఎనిమిదేళ్ళ కిందట. అంటే వంక పోయాక నాలుగేళ్ళు బతికారు. ప్రతి పిట్టకూ పద్యం రాసిన మనిషి, కళ్ళ ముందు వంక పోతే ఒక్క ముక్క రాయలేదా? పుస్తకంలో దాని ఊసే లేదేం?

ముబశ్శిరా


ఆళ్లగడ్డ,
26 సెప్టెంబరు 2024

ముబ్బూ,

రిజిస్టర్డ్ పోస్టులో నోటుబుక్కు పంపుతున్నాను. ట్రంకుపెట్టెకు ఎన్నడూ తాళం లేదు. ఈ ఏడేళ్ళూ ఆ నోటుబుక్కు నా బీరువాలోనే ఉంది.

లెక్కపెట్టుకో. అందులో ఉన్నవి ఎనభై ఏడు కాదు, నూట పన్నెండు.

జేజినాయన సంవత్సరీకానికి పుస్తకం వేయించాలని నాయన అనుకున్నాడు. "నాకేం తెలుస్తుంది పాపా, నువ్వు తెలుగు చదివినదానివి. నువ్వే ఎత్తి రాయి" అని నోటుబుక్కు నా చేతిలో పెట్టాడు. తెరిచి కూడా చూడలేదు. ఎనభై ఏడు దాకా రాసుకుంటూ పోయాను. ఎనభై ఎనిమిదోది జేసీబీ వచ్చిన రోజుది. అక్కడి నుంచి చివరి దాకా అన్నీ నాయన చేసినదాని గురించే. నూట నాలుగోది చూడు:

మూడు మలుపుల నీళ్ళు మూడు దినాలుండె,
తిన్నగా తీస్తివి, పూటలో పాయె.
కొడుక, నిన్నేమనను, గట్టు మీద కూసోని
పోయిన నీళ్ళ దిక్కు చూస్తాండా.

సంవత్సరీకం నాడు బంధువులందరి ముందూ నాయన పుస్తకం తెరిచి ఇది చదివితే ఏమైపోతాడో అని భయమేసింది. ఇరవై ఐదింటినీ వదిలేశాను. మా జేజికి మాత్రం తెలుసు. ఆమెకు చదవడం రాదు కానీ ఆయన పాడుకుంటుంటే వినింది. నన్ను ఎన్నడూ అడగలేదు.

ముందుమాట కూడా నేనే రాశాను. "ప్రశాంత ప్రకృతి కవి" అని. ఆ మాటను నువ్వు నీ థీసిస్ మొదటి పేజీలో ఎత్తి రాసుకున్నావు. అది చూసిన రోజు నుంచి నీకు ఫోను చేసి చెబుదామని ఎన్నిసార్లు అనుకున్నానో. ఒక్కో ఏడాది గడిచేకొద్దీ చెప్పడం ఇంకా కష్టమైంది. చివరికి "ఇంగ ఎన్నాళ్ళమ్మే" అని నీ మీదే అరిచాను. తొందరగా ఇచ్చేస్తే నా పీడ విరగడవుతుందని.

ఇప్పుడు నీ చేతిలో ఉంది. నువ్వు ఎట్లా రాసుకున్నా సరే. నాయనకు తెలియకుండా ఉంటే చాలు.

నీ
హిమజ


నంద్యాల,
17 నవంబరు 2024

హిమజా,

ఇన్ని రోజులు జవాబు రాయనిది కోపంతో కాదు. కోపం ఉంది, కానీ దానికి కూడా తీరిక దొరకలేదు. ఆ ఇరవై ఐదు పద్యాలు చదివిన రాత్రి నుంచి అధ్యాయం మొత్తం మళ్ళీ రాశాను. యాభై రెండు పేజీలు. ముందరి ఎనభై ఏడింటిలో నీళ్ళు ఎట్లా నడిచాయో, వెనకటి వాటిలో ఎట్లా ఉరికాయో. పిట్టలు ఒక్కొక్కటే పద్యాల్లోంచి ఎట్లా వెళ్ళిపోయాయో. నీటికోడి తొంభై మూడో పద్యంలో ఆఖరుసారి కనిపిస్తుంది. మీ జేజినాయన దాన్ని ఏడుస్తూ రాయలేదు. "ఈ ఏడు రాలేదు" అని రాసి ఊరుకున్నాడు. నా జన్మలో నేను రాసిన మంచి ముక్క ఇదొక్కటే హిమజా. నా చేతుల మీదుగా ఇది వచ్చిందా అని నాకే ఆశ్చర్యంగా ఉంది.

గైడు సారు రెండు రోజుల్లో తిప్పి ఇచ్చేశారు. "ఇందులో ప్రకృతి ఎక్కడుందమ్మా? ఇది తండ్రీకొడుకుల గట్టు తగాదా" అన్నారు. ప్రకృతిని పాడుచేసేవాళ్ళు ఆకాశం నుంచి ఊడిపడతారా సార్, ఎవరో ఒకరి కొడుకే కదా అన్నాను. అనకూడదని తెలుసు, అనేశాను. అచ్చయిన పుస్తకమే ప్రమాణమట. చేతిరాత పద్యాలు వాడాలంటే కవి కుటుంబ పెద్ద సంతకంతో అనుమతి పత్రం కావాలట. అది లేకపోతే పాత అధ్యాయమే పెట్టాలి, అప్పుడే సంతకం చేస్తారట. పర్యావరణం మీద ఊరూరా ఉపన్యాసాలు ఇచ్చే మనిషి. మొన్నటి సెమినారులో ఆయనకు బహుమతిగా ఇచ్చిన మొక్కను మా స్టాఫు రూము కిటికీలోనే వదిలేసి పోయారు. రోజూ నేనే నీళ్ళు పోస్తున్నాను.

కుటుంబ పెద్ద అంటే మీ నాన్న. నువ్వు దాచమన్నది ఆయన దగ్గరే, నేను అడగాల్సిందీ ఆయన దగ్గరే. నేను వచ్చి అడగనా? నువ్వే అడుగుతావా? నలభై నాలుగు రోజులున్నాయి.

నీ
ముబశ్శిరా


ఆళ్లగడ్డ,
4 డిసెంబరు 2024

ముబ్బూ,

రెండుసార్లు పోయాను. మొదటిసారి నాయన అన్నం తింటున్నాడు. తినేటప్పుడు ఎందుకని ఊరుకున్నాను. రెండోసారి ఎవరో చుట్టాలు వచ్చి ఉన్నారు. నాయన జేజినాయన ఫోటో కింద ఉన్న పుస్తకం తీసి వాళ్ళ చేతిలో పెట్టి, "మా నాయన మనసులో మాట ఒక్కటి గూడా మిగిలియ్యలేదప్పా. అంతా ఇందులోనే ఉండాది" అని చెబుతున్నాడు. వచ్చినవాళ్ళందరికీ ఇదే చెబుతాడట. ఎంత గర్వంగా చెప్పాడో నువ్వు చూసి ఉంటే నువ్వు కూడా అడగలేవు.

తిరిగి బస్సెక్కి వచ్చేశాను. బస్టాండు నుంచి ఇంటిదాకా వీధి పొడుగునా శిల్పాలు చెక్కే ఉలి చప్పుళ్ళే. నా తల లోపల కొడుతున్నట్టే ఉండింది.

నన్ను అడగమనకు. నువ్వు రావద్దు. ఉద్యోగం నీది, కాదనను. కానీ ఆయన మా నాయన.

హిమజ


నంద్యాల,
2 జనవరి 2025

హిమజా,

డిసెంబరు ముప్పైన థీసిస్ ఇచ్చేశాను. పాత అధ్యాయం పెట్టాను. మూడు మలుపులూ బాల్యం, యవ్వనం, వార్ధక్యం. మొదటి పేజీలో "ప్రశాంత ప్రకృతి కవి" కూడా అట్లాగే ఉంది. గైడు సారు సంతకం చేసి, "ఇప్పుడు సాహిత్యంలా ఉంది" అని భుజం తట్టారు. నాకు ఏడుపొచ్చింది. సంతోషంతో అనుకున్నారు.

నేను మీ ఊరికి బయలుదేరలేక కాదు. ఇరవైయ్యో తేదీన ఆళ్లగడ్డ బస్సెక్కి కూర్చున్నాను కూడా. మీ నాన్న కాదంటే ఏం చేయాలి, ఔనన్నా గైడు ఇంకో మెలిక పెడితే ఏం చేయాలి, జూన్‌లో ఉద్యోగం పోతే అబ్బా ముందు ఎట్లా నిలబడాలి, ఇవే ఆలోచించాను. బస్సు కదలకముందే దిగిపోయాను. ఇది చెప్పకపోతే నీకు తెలిసేది కాదు. కానీ చెప్పాలనిపించింది.

షాపుకు వచ్చిన రైతులందరికీ అబ్బా మా పాప డాక్టరైందని అప్పుడే చెప్పేసుకుంటున్నాడు. ఇంకా కాలేదు అబ్బా అంటే వినడు. వంక పోయిన సంగతి నేను రాయలేదు అబ్బా అని చెప్పాను. వైరు చుట్టుకుంటూ, "రాసినావో రాయలేదో నాకేం తెలుస్తుంది బేటా. ఆ బోరులో మాత్రం నీళ్ళు రాలేదు" అన్నాడు. తప్పుపట్టి అన్నాడో, ఊరికే అన్నాడో తెలియదు. అడగడానికి ధైర్యం చాలలేదు.

సెప్టెంబరులో నేను రాసిన ఉత్తరం ఉంటే చించెయ్. నీ దాపరికం మింగుడుపడలేదని అంత గొప్పగా రాశానే. నువ్వు ఆ ఇరవై ఐదు పద్యాలు తీసేసింది నాన్న కోసం. నేను తీసేసింది డిగ్రీ కోసం. ఇద్దరిలో ఎవరు ఎవరిని క్షమించాలి?

నోటుబుక్కు ఇందుతోనే రిజిస్టర్డ్ పోస్టులో పంపుతున్నాను. నా దగ్గర ఉండడానికి దానికి ఇక పనేమీ లేదు.

ముబశ్శిరా


ఆళ్లగడ్డ,
21 జనవరి 2025

ముబ్బూ,

నీ ఉత్తరం చదివి మొదట నీ మీద మండిపడ్డాను. తీసేయమని చెప్పినదాన్ని నేనే, తీసేస్తే కోపం తెచ్చుకున్నదాన్నీ నేనే. నువ్వు కూడా తీసేశాక ఆ పద్యాలు చదివినవాళ్ళు ఈ భూమ్మీద ముగ్గురు మిగిలాం. నువ్వు, నేను, మీ సారు. ముగ్గురం తెలుగు ఎం.ఏ.లమే. ముగ్గురం కలిసి వాటిని పూడ్చేశాం.

ఆదివారం నోటుబుక్కు తీసుకుని ఊరికి పోయాను. నాయన పంచలో కూర్చుని ఉన్నాడు, జేజి పక్కనే మంచం మీద పడుకుని ఉంది. ఇందులో నేను పుస్తకంలో ఎక్కించనివి ఇరవై ఐదు ఉన్నాయి నాయనా, చదువుతాను విను అన్నాను. ఎందుకు ఎక్కించలేదని అడగలేదు. చదువు అన్నాడు.

ఎనభై ఎనిమిది నుంచి నూట పన్నెండు దాకా ఆపకుండా చదివాను. జేజి లేచి కూర్చుంది. కొన్నింటికి నాకంటే ముందే పెదవులు కదిలించింది. నూట నాలుగు ఇంకోసారి చదవమన్నాడు నాయన. చదివాను. ఇంకోసారి అన్నాడు. చదివాను.

"ఇది నన్నే గదా అనింది?" అన్నాడు.

అవును నాయనా అన్నాను.

"వంక తీపిచ్చినాక నాలుగేండ్లు ఇదే పంచలో ఇద్దరం కలిసి అన్నం తింటిమి. పూడ్చద్దురా అని ఒక్క మాట అనలేదే. ఊరంతా ఏమన్నా నేను ఇన్న్యానా? మా నాయన అనింటే ఇనేటోణ్ణే."

జేజి అప్పుడు నోరు విప్పింది. "ఇనేటోడివి కాదులేరా" అంది. నాయన ఆమె వైపు చూసి తల దించుకున్నాడు. నా చేతిలోంచి నోటుబుక్కు తీసుకుని చాలాసేపు పేజీలు తిప్పాడు. నువ్వూ మీ సారూ ఇవి చదివిన సంగతీ, మీ వాళ్ళు అడిగిన అనుమతి సంగతీ చెప్పాను. సంతకం ఎక్కడ పెట్టాలో చెప్పమన్నాడు. ఇప్పుడు అవసరం లేదు నాయనా, గడువు అయిపోయింది అన్నాను. అయినా పెడతానన్నాడు. తెల్లకాగితం మీద, నూట పన్నెండు పద్యాలూ మా నాయనవే, అందులో తిట్టించుకున్న కొడుకును నేనే అని తానే రాసి సంతకం పెట్టాడు. ఈ ఉత్తరంతో పాటు పంపుతున్నాను. దీన్ని ఏం చేయాలో నాకు తెలియదు.

వంక మళ్ళీ తవ్విస్తాడని ఆశపడకు. ఆ మాట ఆయన అనలేదు, నేనూ అడగలేదు. పత్తి ఇంకా చేలోనే ఉంది.

బస్సుకు బయలుదేరుతుంటే వాకిలి దాకా వచ్చాడు. "నువ్వు చదివితివి. ఆ ముబశ్శిరా పాప చదివె. సారెవరో చదివె. బుక్కులు బుక్కులు రాసుకుంటిరి. వంక పూడ్చినోణ్ణి నేను పాపా. నాకెందుకు చదివి చూపియ్యలేదు?" అన్నాడు.

బస్సు వస్తోందని చెప్పి వచ్చేశాను. జవాబు నీకు దొరికితే నాకు రాయకు. ఆయనకే రాయి.

నీ
హిమజ